రాక్షసబల్లి తెలివి కొలవడానికి కలకత్తా వెళ్లాను

కలకత్తా వెళ్తున్నానంటే మా ఊళ్లో ఎవరైనా అడిగేది కాళీఘాట్‌కా, చీరలకా అని. రాక్షసబల్లిని చూడ్డానికి అని చెప్పేసరికి మా పక్కింటావిడ నా మొహం వంక కాసేపు చూసి, "ఒంట్లో బాగానే ఉందా?" అంది.

నేను పలాస దగ్గర ఒక జూనియర్ కాలేజీలో జంతుశాస్త్రం చెబుతాను. ఒకరోజు క్లాసులో, రాక్షసబల్లులకి ఒళ్లు పెద్దది, బుద్ధి తక్కువ అని ఎప్పటిలాగే చెప్పి బోర్డు తుడుస్తుంటే వెనక బెంచీ పిల్ల ఒకతె లేచింది. "అవి పోయి కోట్ల ఏళ్లయింది కదా మేడం, బుద్ధి తక్కువని ఎవరు చూశారు?" అంది. బుర్ర చిన్నదని చెప్పాను. "బుర్ర మెత్తటిది కదా, రాయిగా మిగలదు కదా, చిన్నదని ఎలా తెలిసింది?" అంది. బెల్లు కొట్టి నన్ను కాపాడారు. కోపం చాలాసేపు ఉంది, ఎవరి మీదో తేల్చుకోలేకపోయాను. మన గోదావరి లోయలో తవ్వి తీసిన రాక్షసబల్లి ఎముకల్ని కలకత్తాలో ఒక పరిశోధన సంస్థవాళ్లు నిలబెట్టారని ఎక్కడో చదివిన గుర్తు. బల్లి మనది, చూడాలంటే అక్కడికి పోవాలి. సరే, పోదామనుకున్నాను.

మా లాబ్‌లో పనిచేసే పైడితల్లి లాడ్జీ మాట ఎత్తనివ్వలేదు. "మా అన్న ఉన్నాడు కదమ్మా ఏక్‌బాల్‌పూర్‌లో. ఆడింట్లో దిగకపోతే నాకు మాటొచ్చేస్తాది" అంది. ఆమె అన్న అప్పారావు రేవులో ఖలాసీ, అంటే ఓడల సరుకు దించే క్రేన్ల దగ్గర పని.

షాలిమార్

కలకత్తా అంటే హౌరా వంతెన కనిపిస్తుందని కిటికీకి అతుక్కుని కూర్చుంటే, బండి బొగ్గు వ్యాగన్ల మధ్య షాలిమార్ స్టేషన్లో ఆగింది. వంతెనా లేదు, గంగా లేదు. నా పేరు గట్టిగా అరుస్తూ ఒక బక్కపల్చటి మనిషి పరిగెత్తుకొచ్చి నా చేతిలో సంచులు లాక్కున్నాడు. అదే అప్పారావు.

టాక్సీవాడితో అతని బేరం చూసి నేను నాలుగడుగులు వెనక్కి వేశాను. ఇద్దరూ బెంగాలీలో ఒకరి మీదికొకరు వెళ్లి, చేతులూపి, ఇక కొట్టుకోవడమే తరువాయి అనుకున్నాను. అంతలో అప్పారావు "దాదా" అని బీడీ ఇచ్చాడు, అతను వెలిగించాడు, మేం ఎక్కాం. మా వైపు అంతలా అరుచుకుంటే మనవల కాలందాకా మాట్లాడుకోరు.

దారిలో మట్టి పిడతల్లో టీ తాగాం. రెండు రూపాయలు. తాగాక పిడతని నేలకేసి కొట్టాలట. బంగారంలాంటి పిడతని పగలగొట్టడానికి నాకు చెయ్యి రాలేదు, తుడిచి సంచిలో వేసుకున్నాను. అప్పారావు నవ్వాపుకుంటూ అటు తిరిగాడు.

ఏక్‌బాల్‌పూర్

ఒక గది, ఒక వసారా. ఇంట్లో అప్పారావు, భార్య రాములమ్మ, కూతురు పార్వతి. చుట్టూ బీహారీలు, ఒరియావాళ్లు, ఉర్దూ మాట్లాడేవాళ్లు. ఒక్క కుళాయి దగ్గర నాలుగు భాషల్లో తగువు. ఆ తగువులో బలమైన తిట్లన్నీ మన శ్రీకాకుళంవే అని గర్వంగా చెప్పుకోవచ్చు.

రాములమ్మ ఇలిస చేప వండింది. మన గోదావరిలో పులస అని పేరు పెట్టి కొనలేని ధర చెప్పే చేపే. ఇక్కడ ఆవపిండితో వండుతారు. ఆమె మాత్రం చింతపండు పులుసు పెట్టింది. "బెంగాలీవోల్లు సూస్తే ఏడుస్తారమ్మా" అంది సంతోషంగా. పైడితల్లి పంపిన ఆవకాయ మూత తీసి ముందు వాసన చూసింది, తర్వాత కళ్లు తుడుచుకుంది, కారానికే అంది.

భోజనాలయ్యాక అసలు సంగతి బయటపడింది. పార్వతి ఒక నర్సింగ్ హోమ్‌లో ఆయాగా చేస్తూ నర్సు పని నేర్చుకుంటోంది. బెంగాలీ గడగడా చదువుతుంది, తెలుగు ఇంట్లో మాట్లాడ్డమే, అక్షరాలు కూడబలుక్కోవాలి. కలకత్తా పక్కనున్న బడ్జ్ బడ్జ్‌లో జూట్ మిల్లులో పనిచేసే జోగారావు అనే అబ్బాయి సంబంధం వచ్చింది. మనవాళ్లే, మంచి కుటుంబమే. ఒకటే అనుమానం. ఏ పెళ్లిలో చూసినా ఆ అబ్బాయి ఒక మూల కూర్చుంటాడట. ఏదడిగినా "ఆ", "ఊ" తప్ప మాట లేదట. బుర్ర తక్కువని మనవాళ్లంతా తేల్చేశారు.

"ఆడు కాదంటే దీన్ని దేశం పంపించేస్తాను. ఇచ్చాపురం దగ్గర దీని మేనమామ కొడుకున్నాడు" అన్నాడు అప్పారావు. వాళ్లకి దేశం అంటే మన శ్రీకాకుళం. "మీరు దేశం మనిసి, పైగా సదువుకున్నోరు. మాకు ఆనవాయితీ అమ్మా. సంబంధం సూడ్డానికి ఎల్లినప్పుడు దేశం నుంచి కొత్తగా వొచ్చినోలుంటే, ఆలని ముందు కూకోబెట్టి మాట అడుగుతాం. మీరెలగంటే అలగే."

ఇన్నేళ్లు ఊరొదిలి బతుకుతున్నవాళ్లకి ఊరి మనిషి కన్ను మీద అంత నమ్మకం. ఆ కన్ను నాదని ఎవరనుకుంటారు!

గిన్నెలు కడుగుతూ పార్వతి నాతో మెల్లిగా అంది. "అత్తా, ఇచ్చాపురంలో నేనేటి సేస్తాను? అక్కడ బస్సు బోర్డు కూడా సదవలేను. నా ట్రైనింగ్ పోతాది. కానీ అందుకని జోగారావు మంచోడని అబద్ధం సెప్పొద్దు. తెలివి లేనోడైతే లేదనే సెప్పు. జీవితమంతా ఉండాల కదా."

ఆ పిల్ల మీద నాకు ఒక్కసారిగా ప్రేమ కలిగింది. భయం కూడా వేసింది.

బంద్

మర్నాడు పరిశోధన సంస్థకి వెళ్దామని తయారై కూర్చుంటే బంద్ అన్నారు. ఎవరు ఎందుకు పిలిచారో వీధిలో ఒక్కొక్కరు ఒక్కో కారణం చెప్పారు గానీ, బాధపడినవాళ్లు ఒక్కరూ కనబడలేదు. ట్రాము పట్టాల మధ్య వికెట్లు పాతి పెద్దవాళ్లే క్రికెట్ ఆడుతున్నారు. ఇళ్లల్లో మేకమాంసం ఉడుకుతోంది. మా వైపు బంద్ అంటే తలుపులేసుకుని కూర్చోవడం. ఇక్కడ పండగ.

నన్ను చూడ్డానికి తెలుగు ఇళ్లవాళ్లంతా వసారాలోకి వచ్చారు. ఏం పని మీద వచ్చారని అడిగితే, ఊరుకోలేని నోరు కదా, పాఠం మొదలుపెట్టాను. తల ఎముక లోపల బుర్ర ఉండే గుంట ఎంతుందో కొలుస్తారు, దాన్ని ఒంటి బరువుతో పోలుస్తారు, అప్పుడు తెలివి అంచనా వేస్తారు అని చెప్పాను. రాక్షసబల్లికి అని రెండుసార్లు చెప్పాననే గుర్తు. అందరూ చాలా శ్రద్ధగా విన్నారు. మా కాలేజీలో ఆ శ్రద్ధ ఎన్నడూ చూడలేదు. నా పొరపాటేమిటో అప్పుడే తెలియాల్సింది.

సాయంత్రానికి ఒక ముసలమ్మ మనవణ్ణి చెయ్యి పట్టుకుని తీసుకొచ్చింది. "ఈడి తల కూడా ఓపాలి కొలిసేయమ్మా, పుణ్యముంటాది. అయిదో తరగతి రెండుసార్లు తప్పేడు" అంది. నేను కాదన్నకొద్దీ, అడిగినవాళ్లందరికీ చెప్పని పెద్ద విద్య ఏదో నా దగ్గర ఉందని ఆమెకి నమ్మకం కుదిరింది.

తలలేని బల్లి

తర్వాతి రోజు పార్వతి ఛుట్టీ పెట్టి నాకు తోడొచ్చింది. ఊరు ఈ చివర నుంచి ఆ చివరకి బస్సు. దిగగానే లూచీ, ఆలూర్ దమ్ తిన్నాం. లూచీ అంటే మైదాతో చేసే తెల్లటి పూరీ. మన పూరీ పక్కన పెడితే అత్తారింటికి వచ్చిన కొత్తకోడలంత మెత్తన. దుంపల కూరలో పంచదార వేశారు. అది మాత్రం నేను క్షమించలేను.

సంస్థలో మాకు అన్నీ చూపించినాయన దత్తబాబు. పెద్దాయన, చొక్కా నిండా సుద్దపొడి. నాతో ఇంగ్లీషు మొదలుపెట్టేవారు, ఉత్సాహం వచ్చేసరికి బెంగాలీలోకి జారిపోయేవారు. అప్పుడు పార్వతి అందుకునేది.

హాల్లో మన గోదావరి బల్లి నిలబడి ఉంది. తొడ ఎముకే నాకంటే పొడుగు. కిందనుంచి పైకి చూస్తూ చూస్తూ వెళ్తే మెడ చివర బుల్లి తల. "ఎంత చిన్న తల!" అన్నాను.

"అది మేం ఊహించి చేసింది. అసలు తల దొరకలేదు" అన్నారు దత్తబాబు.

"మరి దీని తెలివి ఎంత?"

"తెలియదు" అన్నారు, మిఠాయి పంచుతున్నంత సంతోషంగా. తెలియదన్న మాటని ఇంత హాయిగా పలికిన మేస్టారుని నేను ఇంతవరకూ చూడలేదు, అద్దంలో కూడా.

తల దొరికినవాటికి ఏం చేస్తారో చూపించారు. బల్ల మీద ఒక మొసలి పుర్రె పెట్టారు. నరాలు బయటికి వచ్చే చిల్లుల్లో దూది కుక్కి, వెన్ను వచ్చి కలిసే రంధ్రంలోంచి ఆవాలు పోశారు. సందు లేకుండా తట్టి తట్టి నింపి, ఆ ఆవాల్ని కొలత గీతలున్న గాజు గొట్టంలోకి వంచారు. అంత పొడుగు పుర్రెకి అడుగున ఇంతే ఆవాలు. "తిరగమోతకి కూడా సాలవు" అంది పార్వతి. రాయిగా మారిన పుర్రెలకి ఆవాల బదులు రబ్బరు పాలు పోసి అచ్చు తీస్తారట. ఇప్పుడు ఆస్పత్రుల్లో మనుషులకి తీసినట్టే స్కానింగ్ కూడా తీస్తున్నారట. బుర్ర పోయినా బుర్ర ఉన్న చోటు మిగులుతుంది. వెనక బెంచీ పిల్లకి జవాబు దొరికిందని నేను పొంగిపోయాను.

దత్తబాబు ఆ పొంగు మీద నీళ్లు చల్లారు. మొసలికి ఆ గుంట నిండా బుర్ర ఉండదు, సగం చోటు వేరే పొరలూ ద్రవమూ. పక్షికి నిండుగా ఉంటుంది. రాక్షసబల్లికి ఒకవైపు చుట్టం మొసలి, మరోవైపు చుట్టం పక్షి. అది ఎవరి పోలికో ముందు తేల్చాలి. చిన్న రకాలు, రెండు కాళ్ల మీద పరిగెత్తి వేటాడేవి, పక్షి వైపు మొగ్గుతాయి. కొండల్లాంటి ఆకుమేతవాటికి ఇల్లంత ఒంటికి కమలాపండంత బుర్ర. అయితే దాన్ని నేరుగా మనతో పోల్చకూడదు. ఒళ్లు పెరిగినంతగా బుర్ర పెరగనక్కర్లేదు. ఏనుగు బుర్ర మన బుర్రకంటే పెద్దది కాదా? అందుకని తొడ ఎముక లావుని బట్టి బరువు అంచనా కట్టి, అంత బరువున్న జంతువుకి మామూలుగా ఎంత బుర్ర ఉండాలో లెక్క వేసి, దానికి ఎక్కువో తక్కువో చూస్తారు. అంటే అంచనా మీద అంచనా. ఒకప్పుడు ఒక జాతికి నడుం దగ్గర వెన్నులో పెద్ద ఖాళీ కనబడితే, అదిగో రెండో బుర్ర అని పెద్దపెద్దవాళ్లే అన్నారట. పక్షులకీ అక్కడ ఖాళీ ఉంటుందని, అందులో బుర్రేమీ లేదని తర్వాత తేలింది.

పార్వతి చాలాసేపట్నుంచి ఏదో అడగాలని చూస్తోంది. చివరికి అడిగింది. నాకు తెలుగులో మళ్లీ చెప్పింది. "చోటెంతో తెలిస్తే, దాంతో అది ఏటి ఆలోసించేదో తెలుస్తాదా అని అడిగినాను అత్తా."

దత్తబాబు ఆమెకి కుర్చీ జరిపి కూర్చోమన్నారు. "సీసా ఎంతదో తెలుస్తుందమ్మా. అందులో నూనె ఉందో నీళ్లున్నాయో తెలియదు. అందుకే మేం పుర్రె ఒక్కటే చూడం. అడుగుజాడలు చూస్తాం, గుంపుగా నడిచాయా అని. గూళ్లు చూస్తాం, పిల్లల్ని కనిపెట్టుకుని ఉన్నాయా అని. మొసలి మొద్దు అంటాం కదా, తన పిల్లల్ని నోట్లో పెట్టుకుని ఒక్కదానికీ పన్ను తగలకుండా నీళ్లలోకి చేరుస్తుంది" అన్నారు.

తిరుగు బస్సు దిగబోతూ పార్వతి, "రేపు నేనూ వొస్తాను బడ్జ్ బడ్జ్. నాన్నకి నువ్వు సెప్పు" అంది. ఆడపిల్లని అబ్బాయింటికి తీసుకెళ్లే ఆనవాయితీ లేదు. నాకు బెంగాలీ రాదు, దారిలో ఆమె లేకపోతే తప్పిపోతానని అప్పారావుకి చెప్పాను. అది అబద్ధం కూడా కాదు.

బడ్జ్ బడ్జ్

మాజేర్‌హాట్‌లో లోకల్ రైలు ఎక్కాం. బండిలో అమ్మనిది లేదు. దువ్వెనలు, జామకాయలు, నిమ్మకాయ పిండి ఇచ్చే మరమరాలు. నేను మూడు పొట్లాలు తిని, బొడ్డు దగ్గర చీర సర్దుకుని పెద్దమనిషిలా కూర్చున్నాను.

జోగారావుకి తండ్రి లేడు. ఒరియా, బెంగాలీ ఇళ్ల మధ్య వాళ్లది ఒక్కటే తెలుగిల్లు. తల్లి పైడమ్మ గుమ్మంలోనే నా కాళ్లు కడగబోయింది, ఎలాగో ఆపాను. కుర్చీలో కూర్చున్నానో లేదో, ఆమె దర్జీ టేపు తెచ్చి నా ఒళ్లో పెట్టింది. దాంతోపాటు రైల్వే స్టేషన్లో బరువు చూసే యంత్రం ఇచ్చే అట్టముక్క.

"ఒంటి బరువు కూడా గావాలంట కదమ్మా. పొద్దున్నే తూయించేను. టిపినీ తినకముందే" అంది.

వసారాలో నేను చెప్పిన పాఠం ఎవరో ఫోను బూత్‌నుంచి ఇక్కడికి చేర్చేశారు. తల కొలిచి తెలివి చెప్పే మేస్టారమ్మ దేశం నుంచి వస్తోందట! పెళ్లికొడుకు తలకి నూనె రాసుకుని, జుట్టు అణిచి దువ్వుకుని, ముక్కాలి పీట మీద కూర్చుని ఉన్నాడు, క్షవరానికి కూర్చున్నట్టు. అట్టముక్క తిప్పి చూస్తే వెనక జాతకం: మీకు త్వరలో పెద్దల ఆదరణ కలుగును అని హిందీలో ఉంది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. ఆ తల్లి మొహం చూస్తే నవ్వు రాలేదు. కొడుకుని అందరూ మొద్దు అంటుంటే ఇన్నాళ్లూ విని, ఇవాళ కొలతలో తేలిపోతుందని ఆశపడి కూర్చుంది.

"పైడమ్మా, మనిషి తల కొలిస్తే ఏమీ తెలియదు. నాకు ఆ విద్య రాదు, ఎవరికీ రాదు" అన్నాను.

అప్పారావు మొహం వాడిపోయింది. జోగారావుని తనే అడిగాడు. మిల్లులో ఏం పని? "ఆ... మెషిన్." జీతం సరిగ్గా వస్తోందా? "ఊ." మరి మా అమ్మాయిని ఎందుకు చేసుకుందామనుకున్నావు? ఆ అబ్బాయి చెవులు ఎర్రబడ్డాయి. తల దించుకున్నాడు. తల్లి కళ్లనిండా నీళ్లు. అప్పారావు నా వైపు చూశాడు. ఆ చూపులో ఇచ్చాపురం టికెట్టు కనబడింది.

అప్పుడు వాకిట్లో నిలబడ్డ పార్వతి బెంగాలీలో ఏదో అంది. జోగారావు తలెత్తాడు. బెంగాలీలోనే జవాబిచ్చాడు. ఒక మాట, తర్వాత రెండు, తర్వాత ఇక ఆగలేదు. పీట మీంచి లేచాడు. చేతులు తిప్పుతున్నాడు. పార్వతి నవ్వింది, అతనూ నవ్వాడు. నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు. కానీ గుంట నిండుగా ఉందని మాత్రం అర్థమైంది.

పైడమ్మ ముక్కు చీదుకుంటూ చెప్పింది. "ఇక్కడ మనోల్లెవరూ లేరు కదమ్మా. ఆడికి తెలుగు సరిగా రాదు. సిన్నప్పుడు ఒక పెళ్లిలో మాటాడితే అందరూ పకపకా నవ్వేరు. అప్పట్నించి మనోల మజ్జి నోరిప్పడు."

మనవాళ్లంతా అతన్ని చూసింది మన పెళ్లిళ్లలోనే. కొలిచింది మన గజంతోనే. నాకు లోపల ఎక్కడో గట్టిగా తగిలింది.

అందరం గంగ ఒడ్డుకి నడిచాం. వాళ్లిద్దరూ ముందు, మేం వెనక. అప్పారావు ఉండబట్టలేక అడిగాడు. "ఏటమ్మా, ఏటి తేల్చేరు?"

"నాకు తెలియదు అప్పారావూ" అన్నాను. దత్తబాబు అన్నంత హాయిగా అనలేకపోయాను గానీ, అన్నాను. "మాట తెలియని నన్నడిగితే ఎలా? విన్నది పార్వతి కదా, దాన్ని అడుగు."

అప్పారావు ఆగిపోయాడు. సంబంధం మాట మొదలైనప్పట్నుంచి అతను అడగనిది కూతుర్నొక్కదాన్నే. కేకేసి పిలిచాడు. "ఏటే, నీకేటనిపించింది?"

"నర్సింగ్ హోమ్‌లో నా పనేటో అడిగేడు నాన్నా" అంది పార్వతి. "ఏ వార్డు, ఏటి నేర్పుతున్నారు, పరీక్ష ఎప్పుడు, పెళ్లయితే ఇక్కడ్నించి ఏ బండికెళ్తే డ్యూటీకి అందుతాది అని అడిగేడు. ఇంతవరకూ నన్నెవుడూ ఇన్ని అడగలేదు."

"మరి నువ్వేటడిగేవు?"

"నాకు వంతు రాలేదు."

అప్పారావు నడుం మీద చేతులేసుకుని, ఖలాసీలు సరుకు దించినప్పుడు నవ్వే నవ్వు నవ్వాడు. "మూగోడన్నారు కదే!" అన్నాడు. తర్వాత జోగారావు భుజం మీద చెయ్యి వేసి, పాపం ఆ అబ్బాయి కోసం బెంగాలీలోనే ఏదో చెప్పాడు. పార్వతి నా చెవిలో తెలుగు చేసింది. "ఆదివారం మళ్లీ వస్తాం. ఈసారి అడగడం మా అమ్మాయి వంతు అన్నాడు."

తిరిగొచ్చాక

ఆదివారం నాటికి నేను ఇంటికొచ్చేశాను. నా సంచి విప్పితే మట్టి పిడతలు కుమ్మరి కొట్టంత బయటపడ్డాయి. సోమవారం క్లాసులో వెనక బెంచీ పిల్లకి ఆవాల కథ మొత్తం చెప్పాను. చివర్న మన గోదావరి బల్లి సంగతికొచ్చి, దాని తెలివి ఎంతో ఎవరికీ తెలియదన్నాను. ఆ పిల్ల చాలా తృప్తిగా కూర్చుంది.

ఆ సాయంత్రం కాలేజీ ఆఫీసుకి ఫోనొచ్చిందని పైడితల్లి పరుగున వచ్చి పిలిచింది. పార్వతి. బూత్ దగ్గర ట్రాము మోతలో అరుస్తోంది.

"అత్తా, నిన్న నేను కూడా అడిగేను."

"ఏమడిగావే?"

"అది నీకెందుకు?" అంది. "జవాబు బాగుంది అత్తా. నాన్నకి సెప్పేసేను, సరే అని."